పసిపిల్లని ‘మీరు’ అంటారా?

“పేరు మార్చుకోవడానికి కారణం?” టైపు మిషన్ మీద వేళ్ళు ఆపకుండానే అడిగాడతను.

“నచ్చలేదు.”

“అది కారణం కిందికి రాదండీ. ఇంకోటి చెప్పండి.”

ముతారే ఊళ్ళో జననాలు నమోదు చేసే ఆఫీసు ఎదుట, వరండాలో బల్లలు వేసుకుని జనానికి ఫారాలు నింపిపెట్టేవాళ్ళు నలుగురైదుగురున్నారు. చివరి బల్ల ఇతనిది. ఆమె విసురుగా గొడుగు మూసింది. వాన నీళ్ళన్నీ అతని కాగితాల మీద చిందాయి.

“ఇప్పుడున్న పేరు?”

“ముచానేత.”

అతను తలెత్తి చూశాడు. వాళ్ళ షోనా భాషలో ఆ మాటకి ‘మీరు అలసిపోతారు’ అని అర్థం.

“నవ్వండి, మొహమాటం దేనికి? బళ్ళో అందరూ నవ్వారు. కుట్టుపని చేసేచోట ఇప్పటికీ రోజూ సాయంత్రం ‘అలసిపోయావా?’ అని అడుగుతారు. ఇరవయ్యారేళ్ళు మోశాను, చాలు. లిలియన్ అని కొట్టండి.”

“నవ్వడం లేదు. ఒక్క మాట అడగనా? మీ అమ్మగారు ఆ మాట ఎవరితో అన్నారు?”

“ఎవరితో ఏంటి, నాతోనే. నా బతుకు ఇంతేనని పుట్టగానే చెప్పేసింది.”

“అలాగైతే ‘ఉచానేత’ అనేవారు, నువ్వు అలసిపోతావని. ఆవిడ ‘ము’ అన్నారు. అంటే మీరు. పొత్తిళ్ళలో పిల్లని ఎవరైనా మీరు అంటారా?”

ఆమెకి కోపం వచ్చింది.

“ఫారం నింపమన్నానా, పాఠం చెప్పమన్నానా?”

“మనవాళ్ళ సంగతి మీకు తెలీదా? అత్తగారితోనో పక్కింటివాళ్ళతోనో అనలేని మాట బిడ్డకి పేరుగా పెట్టేస్తారు. అది ఎవరికి తగలాలో వాళ్ళకి తగుల్తుంది.”

“మరి తమరి పేరో?”

“హజ్వినెయ్.”

‘ఏం పర్లేదులే’ అని దానర్థం. ఆమె నవ్వు ఆపుకోలేకపోయింది.

“అయిదుగురు మగపిల్లల తర్వాత ఆడపిల్ల కోసం చూశారట. నేను దిగాను. మా నాన్న ఒక్కసారి తొంగిచూసి, ఆ మాట అనేసి పొలానికి వెళ్ళిపోయాడు.” అతను నవ్వుతూనే చెప్పాడు. చాలామందికి ఇలా నవ్వుతూనే చెప్పి ఉంటాడని ఆమెకి అనిపించింది.

ఆ రోజు ఫారం పూర్తి కాలేదు.

సకుబ్వా పేటలో ముచానేతది ఒంటిగది. రెండేళ్ళ క్రితం అమ్మ పోయింది. ఆ తర్వాత ఆమెని పేరు పెట్టి ఆప్యాయంగా పిలిచినవాళ్ళు లేరు. ఇంటావిడకి ఆమె ‘కుట్టుపనమ్మాయి’. ఆదివారాలు గదిలో రేడియో పెట్టుకుని, వినకుండా కూర్చునేది. కొత్త పేరైనా ఉంటే ఎవరికైనా పిలవాలనిపిస్తుందేమో అనుకుంది. అంతకంటే పెద్ద కారణమేదీ లేదు. కానీ ఆ మాట ఫారంలో ఎలా రాయిస్తుంది?

మర్నాడు మళ్ళీ వెళ్ళింది. ఆ తర్వాతి వారం కూడా. ఒకసారి తేదీ తప్పనీ, ఒకసారి సంతకం చెరిగిందనీ ఏదో ఒక వంక దొరికేది. మూడోసారి అతను ఆమె కోసం రెండో కుర్చీ తెచ్చి పెట్టాడు. టీ పోశాడు.

“గోత్రం?” అన్నాడు, కాగితం వంక చూస్తూ. వాళ్ళ గోత్రాలకి జంతువుల పేర్లుంటాయి.

“అమ్మది మొసలి. నాన్నది తెలీదు. అమ్మ ఎప్పుడూ ఆ ఊసెత్తలేదు.”

అతను కాగితం పక్కన పెట్టాడు. “నాది సింహం,” అన్నాడు.

“అయితే?”

“మీ నాన్నగారిది కూడా సింహమే అయితే, మనం అన్నాచెల్లెళ్ళం అవుతాం.”

“అయితే ఏం? ఫారంలో మీరు నాకేమవుతారో రాయాల్సిన గడి ఉందా?”

“ఫారంలో లేదు,” అన్నాడు హజ్వినెయ్. టైపు మిషన్ మీద లేని దుమ్ము తుడిచాడు.

“హోండె లోయలో మా పెద్దమ్మని అడుగుతాను,” అంటూ ఆమె టీ సగం వదిలేసి లేచింది. ఆ శనివారమే హోండె లోయకి బస్సెక్కింది. అక్కడ అమ్మకి అక్క, సారుదుజాయి పెద్దమ్మ ఉంది. అంత్యక్రియల తర్వాత ముచానేత ఆ గడప తొక్కలేదు.

పెద్దమ్మ ముందు తిట్టింది, తర్వాత ఏడ్చింది, ఆ తర్వాత అరటికాయలు ఉడికించి పెట్టి చెప్పింది.

“నువ్వు కడుపులో ఉండగానే మీ నాన్న గనిలో పోయాడు. ఆ కడుపు మావాడిది కాదు, పొమ్మని అత్తింటివాళ్ళు రోజూ పొద్దున్నే గుమ్మంలో నిలబడి అరిచేవాళ్ళు. నువ్వు పుట్టాక పేరేమిటని అడగడానికి వచ్చారు. మా చెల్లి నిన్నెత్తుకుని గుమ్మంలోకొచ్చి, ‘ముచానేత’ అంది. ఇక చూస్కో! నిన్ను తిట్టాలన్నా, అన్నానికి పిలవాలన్నా, వాళ్ళ నోటితో వాళ్ళే ‘మీరు అలసిపోతారు’ అనుకోవాలి!”

“చివరికి అలసిపోయారా?”

పెద్దమ్మ పొయ్యిలో కట్టె సర్దింది. “లేదమ్మా. మూడేళ్ళకి మీ అమ్మే అలసిపోయింది. నిన్ను వీపున కట్టుకుని వచ్చేసింది. పేరు మార్చేయవే అన్నాను. ‘అది నాకోసం పోట్లాడిన పేరే, మార్చను,’ అంది.”

ముచానేత చాలాసేపు పెద్దమ్మ ఒళ్ళో తలపెట్టుకుని పడుకుంది. తర్వాత మెల్లిగా అడిగింది, “నాన్న గోత్రం ఏంటి పెద్దమ్మా?”

“ఏనుగు. ఎందుకే?”

“ఊరికే.”

“ఊరికే అడిగేవాళ్ళ మొహం ఇలా ఉండదు. ఎవడే వాడు?”

వానకి దారి కొట్టుకుపోయి, తొమ్మిది రోజులు బస్సులు ఆగిపోయాయి. పదోరోజు తెల్లవారగానే కదిలిన మొదటి బస్సెక్కి, దిగుతూనే వరండాకి పరుగెత్తింది. చివరి బల్ల ఖాళీగా ఉంది. మర్నాడూ అంతే. పక్క బల్ల ముసలాయన కళ్ళజోడు సవరించుకుని, “ఎక్కడికెళ్ళాడో చెప్పలేదు, మిషన్ మాత్రం నా దగ్గర పెట్టాడు,” అన్నాడు. ఎదురుచూడ్డానికి ఎవరూ లేకపోవడమే ఒంటరితనం అని ఆమె ఇన్నాళ్ళూ అనుకుంది. ఎదురుచూస్తూ కూర్చోవడం అంతకంటే కష్టంగా ఉంది.

మూడోరోజు మధ్యాహ్నం అతను వచ్చాడు. మోకాళ్ళదాకా బురద.

“ఎక్కడికి పోయారు?” అరిచినట్టే అడిగింది.

“హోండె లోయకి! దారి తెగిందని విన్నాను. మీకేమైందోనని... ఊరూరా ముచానేత, ముచానేత అని అడుగుతూ పోయాను. మీరు అలసిపోతారు అని కనపడ్డ ప్రతివాడితో అంటే ఏమంటారు? ఒకాయన కర్ర తీశాడు.”

ఆమె నవ్వింది. నవ్వుతూ నవ్వుతూ ఏడ్చేసింది. “నాది ఏనుగు,” అంది.

“తెలుసు. మీ పెద్దమ్మ చెప్పింది. మీరు బస్సెక్కిన సాయంత్రమే ఆ ఇంటికి చేరాను. నా తాతముత్తాతల దగ్గర్నుంచి మొదలుపెట్టి మూడు గంటలు ప్రశ్నలడిగింది.”

“చివరికి ఏమంది?”

అతను టోపీ తీసి చేత్తో నలిపాడు. “‘పెళ్ళి మాటలకి పెద్దవాళ్ళని పంపు. అందాకా దాన్ని ఒంటరిగా అన్నం తిననివ్వకు,’ అంది. నాకూ ఒంటరిగా తినడం ఇష్టం లేదు, ముచానేతా. చాలా ఏళ్ళుగా ఇష్టం లేదు.”

ఆమె అరచేత్తో కళ్ళు తుడుచుకుంది. వీధి చివర పూటకూళ్ళావిడ సంకటి కెలుకుతున్న పొయ్యి పొగ కనిపిస్తోంది.

“పద,” అంది. “ముందు ఆ కాళ్ళు కడుక్కో.”