మూడో ఆదివారం ప్రకటన

ఫోన్ చూస్తూనే ఫెయిత్ చేతిలోని గరిటె జారి కిందపడింది. "అయ్యో ప్రభువా!..." అంటూ వంటింట్లోనే కూలబడిపోయింది.

పెండ్లివారి వాట్సాప్ గ్రూపులో ఒక పాత ఫోటో! మోకాళ్ల పైకి గౌను, కళ్లకు ఇంత కాటుక, వేళ్ల మధ్య సిగరెట్టు... లండన్‌లో బస్సు దిగుతున్న ఇరవై ఏళ్ల పిల్ల. కింద ఎవరో రాశారు: 'పెండ్లికూతురి అమ్మమ్మ సినిమా యాక్టరంట!'

అబద్ధమైతే ఎంత బాగుండును! ఫెయిత్ తల్లి హెలెన్ పుట్టిందే లండన్‌లో. మూడు సినిమాల్లో మూడు చిన్న వేషాలు వేసింది. కోట్లూ గౌన్లూ తొడుక్కుని బట్టల కంపెనీల వాళ్లకు ఫోటోలు దిగింది. రైల్వే ట్రైనింగుకని ఆ దేశం వెళ్లిన పేతురును ప్రేమించి, అన్నీ వదిలేసి లాలాగూడ రైల్వే క్వార్టర్స్‌కు కోడలై వచ్చింది. అత్తగారు ప్రేమమణి ఈ సినిమాల సంగతి విని గుండెలు బాదుకుని, చర్చిలో మాత్రం "మా కోడలు అక్కడ టైపిస్టు" అని ఒక్కసారి అన్నది. అంతే! అత్తగారూ పోయింది, పేతురూ పోయాడు, ఆ టైపిస్టు మాత్రం యాభై ఏళ్లుగా బతికే ఉంది. పాపం హెలెన్‌కు టైపు మిషన్ మీద ఒక్క అక్షరం కొట్టడం రాదు!

గంట తిరక్కుండానే వియ్యపురాలు బ్యూలా వచ్చిపడింది. రెండు కుటుంబాలదీ ఒకే చర్చి, అక్కడ పెండ్లికి ముందు వరుసగా మూడు ఆదివారాలు ప్రకటన చదువుతారు. ఎవరికైనా అభ్యంతరముంటే లేచి చెప్పాలి. ఫెయిత్ కూతురు షెకీనా, బ్యూలా కొడుకు షాలేమ్... ఇద్దరి పేర్లూ రెండుసార్లు చదివారు. రేపే మూడోది.

"వదినా, గిదేందీ! మా ఆయన చర్చి కమిటీల ఉన్నడు. నలుగురిల ముఖమెట్ల చూపియ్యాలె?" బ్యూలా కొంగు నోటికడ్డం పెట్టుకుంది. "ఆ ఫోటో మీ మమ్మీది కాదని చెప్పు. రేపు చర్చికి, బేస్తవారం పెండ్లికి సుత ఆమెను తీసుకురాకు. తీసుకొచ్చినవా... ప్రకటన చదివేటప్పుడు నేనే లేచి నిలబడ్త!"

లోపల మనవరాలి తెల్లచీరకు ఫాల్ కుడుతున్న హెలెన్ నెమ్మదిగా బయటికి వచ్చింది.

"సరే బ్యూలా. నాకు మోకాళ్ల నొప్పి, రాలేనని చెప్పండి. డెబ్బై నాలుగేళ్ల దాన్ని, ఎవరైనా నమ్ముతారు."

బ్యూలా వెళ్లగానే ఫెయిత్ తల్లి ఒడిలో తలపెట్టి బావురుమంది.

"ఏడవకే పిచ్చిదానా! నా మూడు సినిమాలూ కలిపినా పది నిమిషాలు లేవు. టైపిస్టు వేషం యాభై ఏళ్లు వేశాను. ఇంకో వారం వేస్తే అరిగిపోతానా?" అని నవ్వింది తల్లి.

ఆ నవ్వే ఫెయిత్‌ను కోసింది! పదిహేనేళ్లప్పుడు బీరువాలో ఆ ఫోటోలు దొరికితే, "ఇవెవ్వరికీ చూపించకు మమ్మీ, నాకు సిగ్గు" అన్నది తనే. అప్పుడూ తల్లి ఇలాగే నవ్వి వాటిని పెట్టె అడుక్కు తోసేసింది. మళ్లీ ఆ పేరెత్తితే ఒట్టు!

"షెకీనా, రావే! నడక ప్రాక్టీసు!" అని పిలిచి, హెలెన్ మనవరాలి నెత్తి మీద పేతురు వాడిన పాత రైల్వే టైంటేబుల్ పుస్తకం పెట్టింది. "గడ్డం ఎత్తు! నేలెందుకు చూస్తావు? నేల ఎక్కడికీ పోదు!"

ఆ చర్చిలో నలభై ఏళ్లుగా ఏ పెండ్లికూతురైనా ఈ వరండాలో, ఈ పుస్తకమే నెత్తిన పెట్టుకుని నడక నేర్చుకున్నది. కుచ్చిళ్లు తొక్కకుండా, బెదరకుండా! గడప దగ్గర నిలబడి చూస్తున్న ఫెయిత్‌కు అప్పుడు తట్టింది. టైపిస్టుకు ఈ నడక ఎట్లా వస్తుంది? ఇన్నేళ్లలో ఒక్కరైనా అడిగారా?

మర్నాడు హెలెన్ ఇంట్లోనే ఉండిపోయింది. చర్చిలో పాస్టరు అయ్యగారు రెండు పేర్లూ చదివి, "ఎవరికైనా అభ్యంతరమున్న యెడల ఇప్పుడే తెలియజేయవలెను" అన్నారు.

"నాకున్నది అయ్యగారూ!"

చర్చి అంతా ఉలిక్కిపడింది. లేచి నిలబడింది పెండ్లికూతురి కన్నతల్లి! భర్త రోనాల్డ్ చెయ్యి పట్టి లాగినా ఫెయిత్ కూర్చోలేదు.

"మా మమ్మీని రావద్దన్న పెండ్లి నాకొద్దు! ఆ ఫోటో మా మమ్మీదే. ఆమె యాక్టరే, మోడలే. దొంగతనం చేసిందా? టైపిస్టని అబద్ధం చెప్పింది మేము... సిగ్గుపడాల్సింది సుత మేమే! బ్యూలా వదినా, నీ పెండ్లికి ముందు చెమటలు పట్టి ఏడుస్తుంటే నీకు నడక నేర్పిందెవరు? ఇక్కడున్న ఆడోళ్లల్ల ఆమె దగ్గర నేర్చుకోనోళ్లెందరు? ఆ నడక ఎక్కడిదనుకున్నరు?... ఆ ఫోటోల నుంచి వచ్చిందే!"

వెనక వరుసలో ఒక ముసలామె లేచి, "నాకు నేర్పింది, నా బిడ్డకు సుత నేర్పింది" అన్నది కళ్లొత్తుకుంటూ. షాలేమ్ తన తల్లి వైపు ఒక్కసారి చూసి, బైకు తాళాలు తీసుకుని బయటికి నడిచాడు.

రెండు వీధుల అవతలే ఇల్లు. అయ్యగారు అందుకున్న పాట అయిపోకముందే షాలేమ్ అమ్మమ్మను బైకు మీద తీసుకొచ్చేశాడు. హెలెన్ ఇంటి చీరలోనే ఉంది, కాళ్లకు రబ్బరు చెప్పులు. గుమ్మంలో ఒక్క క్షణం ఆగింది. జనమంతా వెనక్కి తిరిగి తననే చూస్తున్నారు... గడ్డం ఎత్తింది. మోకాళ్ల నొప్పి లేదు, ఏమీ లేదు! ఆ పొడుగాటి దారి వెంట, యాభై ఏళ్ల తర్వాత తన సొంత నడక నడుచుకుంటూ వచ్చింది.

బ్యూలా లేచి తన పక్కన చోటిచ్చింది. తల వంచుకుని, "మాఫ్ చెయ్యండి ఆంటీ..." అంటూ వెక్కివెక్కి ఏడ్చింది.

"అభ్యంతరం వాపసు తీసుకుంటున్న అయ్యగారూ!" అన్నది ఫెయిత్, కన్నీళ్లలోంచి నవ్వుతూ.

హెలెన్ చేతిరుమాలు తీసి బ్యూలా చెంపలు తుడిచింది. తర్వాత రెండు వేళ్లతో ఆమె ముఖం పైకి లేపింది.

"గడ్డం ఎత్తు బ్యూలా! నీకు నేర్పింది ఇదేనా?"