తోలు సంచికి రెండో కుట్టు

“మిషను కదిపారో, మీ చేతులు రెండూ కలిపి కుట్టేస్తాను!”

తోలు బ్యాగులు కుట్టే ఆవిడ మిషను బల్ల ఎక్కి కూర్చుంది. జప్తుకొచ్చిన కూలీలిద్దరూ ఫైనాన్స్ కంపెనీ క్యాషియర్ మొహం చూశారు. సరిగ్గా అప్పుడే డిటెక్టివ్ పిన్నిగారు గుమ్మంలో అడుగుపెట్టింది. వెనకే ఆమె అసిస్టెంటు, రిటైరైన హెడ్ కానిస్టేబుల్. పై అధికారులకి మొక్కుబడిగా కొట్టిన సెల్యూట్‌ని ఈమెకి మాత్రం మనస్ఫూర్తిగా కొడతాడు.

“పిన్నిగారూ, ఫోన్ చేసింది నేనే. రెండు లక్షల అప్పు, నెలకి నూటికి రెండు వడ్డీ. ఏడాదిగా నెలనెలా పదివేలు పంపాను. ఇప్పుడొచ్చి రెండు లక్షల అప్పూ అలాగే ఉందంటున్నారు!”

“ఉండదా మరి?” క్యాషియర్ విసుక్కున్నాడు. “మాకు చేరింది నెలకి నాలుగు వేలు. అది వడ్డీకే సరి. ఏడాదిలో అసలు లక్షన్నర లోపుకి దిగకపోతే మిషన్లు మావని ఒప్పందం.”

“డబ్బు ఎవరు తీసుకెళ్లేవారు?” అడిగింది పిన్నిగారు.

“నేనేనండి.” ఇస్త్రీ నలగని చొక్కాతో బ్యాగులావిడ మరిది ముందుకొచ్చాడు. “వదినకి లెక్క అరటిపండు ఒలిచినట్టు చెప్పిందీ నేనే. పదివేలు కడితే ముందు వడ్డీ పోతుంది, మిగిలింది అసల్లో తగ్గుతుంది. అసలు తగ్గితే పై నెల వడ్డీ కూడా తగ్గుతుంది. ఈ క్యాషియరే మింగేశాడండి!”

“నోరు జాగ్రత్త! నాలుగు వేలకి రసీదు నీ చేతికే ఇచ్చాను.”

“ఏ రసీదూ ఇవ్వలేదు!”

పిన్నిగారు మిషను వైపు తిరిగింది. “అమ్మాయ్, నోట్లు చేతికే ఇచ్చేదానివా?”

“లేదండి. నెలనెలా తోలుముక్కతో కొత్త సంచి చేసి, నోట్లు పెట్టి మూతి కుట్టేసేదాన్ని. కుట్టు లేకుండా వస్తే తీసుకోవద్దని క్యాషియర్‌కి ముందే చెప్పాను.”

“నిజమే,” అన్నాడు క్యాషియర్. “కుట్టు కోసి డబ్బు తీసుకునేవాణ్ని. సంచులు గట్టివి, పారేయబుద్ధి కాలేదు. తాళాలూ చిల్లరా వేసుకున్నాను.”

ఆ సంచులు తేవడానికి హెడ్డుగారు స్కూటర్ మీద కంపెనీకి వెళ్లాడు. ఈలోగా పిన్నిగారు మరిదిని మాటల్లో పెట్టింది.

“పోయిన నెల పదివేల్లో వడ్డీకెంత పోయింది బాబూ?”

“నాలుగు వేలండి,” తడుముకోకుండా అన్నాడు.

సంచులొచ్చాయి. పిన్నిగారు అందరినీ బల్ల చుట్టూ నిలబెట్టింది.

“నెలకి పదివేలూ పడి ఉంటే అప్పు ఈపాటికి లక్షా ఇరవై వేలకి దిగేది. పోయిన నెల వడ్డీ రెండున్నర వేల దగ్గర ఉండేది. వడ్డీ తగ్గుతుందని పాఠం చెప్పిన మనిషే నాలుగు వేలన్నాడు. అసలు అంగుళం కదల్లేదని ఆయనకి ముందే తెలుసన్నమాట.”

“ఏదో నోరు జారింది! అంతమాత్రానికే...”

“నోరు జారొచ్చు. తోలు జారదు. గుడ్డకి పడ్డ చిల్లు పూడుతుందేమో గానీ తోలుకి పూడదు.” ఆమె ఒక సంచి వెలుతురుకి పట్టింది. మూతి దగ్గర రెండు వరసల చిల్లులు కనిపించాయి. పై వరస స్కేలు పెట్టి గీసినట్టుంది. కిందిది తాగినవాడి నడకలా ఉంది. తక్కినవీ అంతే.

“పైది నాది,” అంది బ్యాగులావిడ నెమ్మదిగా.

“డబ్బు చేతికందాక క్యాషియర్‌కి ఖాళీ సంచి మళ్లీ కుట్టే పనేముంది? దారిలో విప్పి, నెలకి ఆరు వేలు లాగినవాడికే ఆ అవసరం.”

హెడ్డుగారు వెళ్లి గుమ్మానికి అడ్డంగా నిలబడ్డాడు.

“వదినా, సర్దేద్దామనే...”

“వదినా అని పిలవకు!” ఆమె బల్ల దిగలేదు. “అప్పు నాది, చివరి పైసా దాకా తీరుస్తాను. మిషను మాత్రం గడప దాటదు.”

“మరి డబ్బు ఎవరు తిన్నారని కంపెనీలో చెప్పమంటారు?” అని క్యాషియర్ గొణిగాడు.

ఆమె వీధి మొత్తానికి వినబడేలా చెప్పింది.

“మా మరిది! నా డబ్బు తిన్నది మా మరిదే!”