ఉత్తుత్తి దండ

"మీ నాయిన పానంతోని ఉండంగనే ఫోటోకు దండేస్తవానే! కన్నబిడ్డవేనా నువ్వు...!"

సూర్యాపేట ఆసుపత్రి వరండాలో రేణుకమ్మ గుండెలు బాదుకుంటోంది. ఎదురుగా కూతురు కల్పన తల వంచుకుని నిలబడింది. పెద్ద కంపెనీల అండ లేకుండా స్నేహితులు తీస్తున్న చిన్న సినిమాకు ఆమె ప్రొడక్షన్ డిజైనర్. ఏడేళ్లు ఇతరుల కింద గోడలకు రంగులేసి, కొత్త బిందెలకు సొట్టలు పెట్టి పాతవి చేసి, మొదటిసారి తన చేతికందిన పని! కోదాడలో కిరాయికి తీసుకున్న ఇంటిని, చనిపోయిన ఒక గొర్రెలకాపరి ఇల్లుగా మార్చింది. ఆ గోడ మీద దండ వేసి పెట్టిన ఫోటో... కన్నతండ్రి బీరన్నది! ఆ సంగతి సొంతూరు మాడుగులపల్లికి తెలిసిన రోజే బీరన్న గొర్రెల దొడ్లో గుండె పట్టుకుని కూలిపోయాడు. ఎల్లుండి ఆపరేషన్. డాక్టర్లు ఏ మాటా ఇవ్వడం లేదు...

"ఫోటో తీసేసినమ్మా... షూటింగ్ ఆగింది. ఇగ ఈ పనే ఇడిసిపెడ్త..."

సగం సినిమా ఆ ఫోటోతోనే తీశారు. అది గోడ మీద లేకపోతే తీసిందంతా వృథా. ఇంటి గడువేమో రేపటితో సరి!

అంతలో నర్సు లోపలికి పిలిచింది.

"దాన్నెందుకు తిడ్తున్నవే?" బీరన్న గొంతు పీలగా ఉంది. "ఫోటో నేనే ఇచ్చిన. గోడకు పెట్టాల్సిన ముసలి యాక్టరు ఫోటో రాకపాయె. బిడ్డ తల పట్టుకొని కూసున్నది. నా మొకమేమన్న తక్కువనా అన్న. వద్దని ఏడ్సింది... నీకు చెప్పొద్దని నేనే ఒట్టేయించుకున్న."

"ఎంత పని చేసినవయ్యా...!"

"సున్నాలేసే పిల్ల అని ఊరంత నవ్విన్రు. నేను గూడ నవ్విన. కోదాడకు పోయి చూస్తే... మా అవ్వ ఇల్లే లేపిందే! గంజికుండ మూల గూడ తప్పలే. నేనున్నా లేకున్నా సినిమాల గా ఇల్లు ఉండాలె. పో... బిడ్డను తోల్కపోయి ఫోటో పెట్టిరాపో."

తమ్ముడు పాపయ్యను భర్త దగ్గర కూర్చోబెట్టి, రేణుకమ్మ కూతురితో కోదాడ బస్సెక్కింది. ఆ ఇంటి గడప దాటుతూనే ఆగిపోయింది. పొయ్యి వెనక గోడకు మసి... దండెం మీద గొంగడి... కొత్తకోడలిగా తాను అడుగుపెట్టిన ఇల్లే! ఇన్నేళ్లుగా ఏం పని చేస్తున్నావని బిడ్డను ఒక్కనాడైనా అడిగిందా తాను?

కల్పన ఫోటో చేతిలోకి తీసుకుంది గానీ చేతులు పైకి లేవలేదు. "నాతోని కాదమ్మా...!"

"ఇటియ్యి."

రేణుకమ్మ ఫోటోను మేకుకు తగిలించింది. మెడలోని పుస్తెలు కళ్లకద్దుకుని, కాగితపు పూల దండ వేసింది.

"వంకరున్నదా? సక్కగ సూసి చెప్పు."

"జర... ఎడమకమ్మా," అంది కల్పన వెక్కుతూ.

సరిచేసి, ఆమె ఫోటోలోని భర్త చెవి దగ్గరకు వంగింది.

"ఉత్తుత్తిదేనయ్యా... ఇంటున్నవా? ఉత్తుత్తిదే...!"