గిన్నెలో బూట్లు

ఆదివారం పొద్దున్నే నల్ల చిక్కుడు గింజలు పొయ్యి మీద పెడదామని తైనారా అటక మీది పెద్ద గిన్నె దింపి మూత తీసింది. లోపల ఫుట్‌బాల్ బూట్లు.

కొత్త కోడలికి నవ్వు ఆగలేదు. "అత్తయ్యా! ఇవి ఉడకాలంటే సాయంత్రమవుతుందేమో!"

ఆ నవ్వు ఇల్లంతా వినిపించింది. మామగారు వాల్మీర్ అందరికంటే ముందు వచ్చాడు. "దొరికాయా! నా బంగారు తల్లీ, ఇటివ్వు!"

అత్తగారు ఇవోనె జున్ను ఉండలు చుట్టే పిండిచేతులతోనే బూట్లు లాక్కుంది. "మోకాలికి ఆపరేషన్ చేసిన డాక్టరు ఏమన్నాడు?"

"పరుగెత్తొద్దన్నాడు. నేనెప్పుడు పరుగెత్తాను? మిడ్‌ఫీల్డరంటే బంతిని పరుగెత్తించేవాడు."

"చాల్లే! క్లబ్బుకి ఆడిన నీ ఆఖరి మ్యాచ్‌లోనూ ఇవే కబుర్లు. మోకాలు బొప్పాయిపండులా వాచిపోతే సూది పొడిపించుకుని దిగావు. కోచ్ బయటికి రమ్మని అరుస్తుంటే చెవిటివాడిలా నటించావు. చివరికి నలుగురు మోసుకొచ్చారు." ఇవోనె బూట్లు వీపు వెనక్కి దాచుకుంది. "నా భయం మోకాలి గురించి కాదు వాల్మీర్. ఎక్కడ ఆపాలో నీకు తెలీదు."

వాల్మీర్ తల దించుకున్నాడు. తన నవ్వే కొంప ముంచిందని తైనారాకు బెంగ పట్టుకుంది.

అప్పటికి తైనారా భర్త జులియానో పళ్ళు తోముకుంటూనే వచ్చాడు. "అమ్మా, ఇవాళ పెళ్ళయినవాళ్ళకీ బ్రహ్మచారులకీ మ్యాచ్. నా చిన్నప్పుడు నాన్న ఏ ఊళ్ళో ఆడుతున్నాడో మనకే తెలిసేది కాదు. నేను ఆటకి ఎదిగాక ఏటా ఆయన ఆ జట్టు, నేను ఈ జట్టు. మ్యాచ్‌లో ఆయన కాలి నుంచి నాకు ఒక్క బంతీ రాలేదు. ఇప్పుడు నాకూ పెళ్ళయిందిగా!"

"ఓహో, అందుకా నన్ను చేసుకున్నది?" అంది తైనారా.

"కొంచెం అందుకే," అన్నాడతను నురగనోటితో.

ఇవోనెకు నవ్వు రాబోయి ఆగింది. కొడుకు ముఖం కాసేపు చూసింది. బూట్లు నేలమీద పెట్టింది. "మోసుకొస్తే మాత్రం తలుపు తియ్యను."

మైదానంలో వాల్మీర్ నడిమధ్య నడుం మీద చేతులు పెట్టుకుని నిలబడ్డాడు. అటు పో, ఇటు రా అంటూ పొట్టల మొగుళ్ళందరినీ తోలుతున్నాడు. అంచున ఇవోనె తైనారా చెయ్యి నలిపేస్తోంది. ఇంతలో బంతి ఆయన దగ్గరికి వచ్చింది. ఎడమవైపు చూశాడు. ఎదుటివాళ్ళంతా ఎడమకి పరుగెత్తారు. బంతి మాత్రం కుడివైపు గడ్డి మీద జారుతూ వెళ్ళి జులియానో పాదం ముందు ఆగింది.

జులియానో బలమంతా పెట్టి తన్నాడు. బంతి గోలు మీదుగా లేచి గోడ దాటి, మాంసం కాలుస్తున్న పొయ్యిలో పడింది.

"ఇందుకా పెళ్ళి చేసుకున్నావు!" అని తైనారా అరిచింది. మైదానం అంతా గొల్లున నవ్వింది. అందరికంటే ఎక్కువ నవ్వింది వాల్మీరే.

నవ్వుతూనే రెండు చేతులూ గుండ్రంగా తిప్పాడు. తన బదులు ఇంకొకరిని దించమని సైగ. ఎవరూ పిలవకుండానే మెల్లగా నడుచుకుంటూ బయటికి వచ్చేశాడు.

ఇవోనె ఎదురు పరుగెత్తింది. "ఏమైంది? నొప్పా?"

"నొప్పి లేదు. కావలసింది అయిపోయింది. కాఫీ ఉందా?"

ఆమె ఆయన్ని బల్ల మీద కూర్చోబెట్టి, మోకాలు తడిమి చూసి, బూట్ల తాళ్ళు విప్పడం మొదలుపెట్టింది. కన్నీళ్ళు టపటపా ఆ తాళ్ళ మీదే పడుతున్నాయి.

"అమ్మాయీ," అంది ముఖం ఎత్తకుండానే, "ఇంటికెళ్ళాక వీటిని గుమ్మం పక్కన పెట్టు. గిన్నె వంటకి కావాలి."