సానల షెడ్డులో చప్పుడు

మొన్నమొన్నటిదాకా కెప్లర్స్ ఫోర్డ్ ఊళ్ళో పొద్దుగూకాక కాలవ గట్టు మీదికి ఎవరూ పోయేవాళ్ళు కాదు. పోవాల్సొస్తే మాత్రం పాత సానల షెడ్డు దాటేదాకా పెద్దగా మాట్లాడుకుంటూ నడిచేవాళ్ళు. మాట ఆపితే వినబడేది మరి... టక్... టక్... టక్...

నమ్మితే నమ్మండి, లేకపోతే మానండి. వెర్డీ గేన్స్ నోటి వెంట నేను విన్నది విన్నట్టు చెబుతున్నా.

అమెరికా అంతర్యుద్ధానికి ముందు మాట. వర్జీనియాలో మనుషుల్ని ఇంకా కొనే, అమ్మే రోజులు. ఊరంతా సర్కారు తుపాకుల కార్ఖానా మీదే బతికేది. కాలవ నీళ్ళకి చక్రాలు తిరిగేవి, ఆ చక్రాలకి మనిషెత్తు సానరాళ్ళు తిరిగేవి, వాటికి తుపాకీ గొట్టాలు ఆనించి నునుపు చేసేవాళ్ళు. ఒకరోజు పొద్దున్నే ఒక సానరాయి తిరుగుతూ తిరుగుతూ ఫెళ్ళున పగిలి ఎగిరిపోయింది. మేస్త్రీ ఏమోస్ స్ట్రిక్లర్, పక్కనున్న ఇద్దరు పనివాళ్ళు అక్కడికక్కడే పోయారు.

ముందు రాత్రి రాయిని ఎవరో కొడుతుంటే విన్నామని జనం అన్నారు. ఎవరో ఏంటి — హైరమ్! యజమాని కార్ఖానాకి అద్దెకిచ్చిన నల్ల బానిస. తెల్లవాళ్ళ మీద కసితో రాయిని చీల్చాడన్నారు. వెంటపడి తరిమారు. వాడు కాలవలో పడి మునిగిపోయాడు.

అప్పట్నుంచీ ఆ చప్పుడు. "హైరమ్ ఇంకా రాళ్ళు పగలగొడుతున్నాడు" అని ఊరు ఊరంతా చెప్పుకుంది. ఈ రోజుల్లో లాంతర్లు పట్టుకుని టూరిస్టులకి కూడా చెబుతున్నారు. మేస్త్రీకి చర్చి పక్కన పాలరాతి సమాధి ఉంది. హైరమ్‌కి ఈ కథ తప్ప ఇంకేమీ లేదు.

వెర్డీది ఆ హైరమ్ వంశమే; ఎన్ని తరాలు దాటినా ఇంట్లో ఆయన్ని తాతనే అంటారు. చిన్నప్పుడు ఆమె క్లాసులోకి వస్తే చాలు, పిల్లలు బల్లల మీద టక్ టక్‌మని కొట్టేవాళ్ళు. గేన్స్ వాళ్ళెవరూ ఆ షెడ్డు గడప తొక్కలేదు. అలాంటిది, ఆమె కొడుకు రోస్కో అక్కడే ఉద్యోగానికి కుదిరాడు.

టూరిస్టులకి చూపించడానికి ఆ పాత షెడ్డుని మళ్ళీ కట్టారు. నీటిచక్రం పెట్టారు. కాలవ అడుగు నుంచి ఒక పాత సానరాయిని పైకి తీసి ఇరుసుకి ఎక్కించారు. కార్ఖానా పండగ రోజు జనం ముందు దాన్ని తిప్పి చూపించేది రోస్కోనే.

"ఊళ్ళో ఇంకే పనీ దొరకలేదట్రా నీకు?" అని వెర్డీ మండిపడింది.

"దెయ్యమంటే భయమా అమ్మా? అయినా మన తాతేగా! సొంత మనవణ్ణి ఏం చేస్తాడు?" అని వాడు నవ్వేశాడు.

"నవ్వు, నవ్వు. నేను పడ్డవి నువ్వు పడితే తెలిసేది."

పండగ ముందు రోజు సాయంత్రం మంచు దిగింది. అన్నం వేళ దాటినా రోస్కో రాలేదు. ఫోనెత్తడు. వెర్డీ మనసు మనసులో లేదు. ఉడికించిన చిక్కుడు గింజలు, మొక్కజొన్న రొట్టె గిన్నెలో పెట్టుకుని గట్టు మీదికి బయల్దేరింది. తోడెవరూ లేరు కదా, తనతో తనే పెద్దగా మాట్లాడుకుంటూ నడిచింది.

షెడ్డు దగ్గరికొచ్చేసరికి ఆయాసమొచ్చి మాట ఆగింది.

టక్...

వెర్డీ వెనక్కి పరుగెత్తేదే. కానీ కొడుకు లోపలున్నాడేమో! తలుపు తోసింది.

సానరాయి ముందు ఎవరో ఉన్నారు. వంగిన వీపు, పాత టోపీ. చేతిలో చెక్క సుత్తి. రోస్కో కాదు... రాయి చుట్టూ మెల్లగా తిరుగుతూ కొడుతున్నాడు.

అయితే ఊరు చెప్పింది నిజమే! ఆమెకి భయం కంటే సిగ్గు ఎక్కువేసింది, ఏడుపొచ్చింది.

"తాతా..." అంది గుసగుసగా. "నీ కసి నాకు తెలుసు. కానీ రేపు ఆ రాయి పక్కన నిలబడేది నా కొడుకు. నీ రక్తమే తాతా. వదిలెయ్యి..."

అతను వినలేదు. సుత్తితో తట్టి, రాయి దగ్గర చెవి పెట్టి వింటున్నాడు. ఖంగ్... ఖంగ్... ఖంగ్...

థప్.

మళ్ళీ అక్కడే. థప్.

వెర్డీ ఏడుపు ఆగిపోయింది. క్యాబేజీ ఊరేసుకునే జాడీ కొనేముందు తను చేసేదీ ఇదే కదా! వేలితో తడితే ఖంగుమంటే మంచిది. థప్‌మంటే చీలింది.

పగలగొట్టడం లేదు. రాయి చీలిందేమోనని తట్టి చూస్తున్నాడు!

వెనక నుంచి వెలుగు పడింది. రోస్కో, కాలవ తూముకి గ్రీజు పూసొచ్చిన చేతుల్తో, ఫోను లైటు పట్టుకుని నిలబడ్డాడు.

"అమ్మా! చీకట్లో ఎవరితో మాట్లాడుతున్నావ్?"

రాయి ముందు ఎవరూ లేరు.

"నీ చెక్క సుత్తేదిరా? తియ్యి. ఇక్కడ కొట్టు... ఇప్పుడు ఇక్కడ."

ఖంగ్. థప్.

రోస్కో నవ్వు మాయమైంది. మళ్ళీ కొట్టి చూశాడు. ఆ రాయిని నీళ్ళతో తిప్పితే ఏమవుతుందో వాడికి ఒకరు చెప్పాల్సిన పని లేదు.

"జ్వరమని ఇంట్లో పడుకో నాయనా," అంది వెర్డీ.

"ఇంకొకడెవడో తిప్పుతాడమ్మా. ముందు వరసలో స్కూలు పిల్లలు కూర్చుంటారు."

"అయితే చెప్పెయ్యి."

"చెబితే ఏమంటారో తెలీదా? రాత్రి రాయి దగ్గరున్నది నేను. చేతిలో సుత్తి. ఇంటిపేరు గేన్స్."

ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకున్నారు.

"ఏమైనా అనుకోనీ," అన్నాడు రోస్కో చివరికి. "పొద్దున్నే చెప్పేస్తా."

ఆ మాటతో లైటు ఆరిపోయింది.

రాయి ముందు మళ్ళీ ఆ మనిషి... ఈసారి ఇటు తిరిగాడు. టోపీ తీశాడు. కిటికీలోంచి పడే వెన్నెల్లో మొహం కనబడింది.

తెల్లవాడు! నెరిసిన చెంప మీసాలు. కళ్ళ నిండా నీళ్ళు. రోస్కో వైపే చూస్తున్నాడు.

"హైరమ్..." అన్నాడు. "ఆ రాత్రి రాయి తట్టి చూసి నువ్వు చెప్పావురా. రాయి చీలింది, తిప్పొద్దు దొరా అన్నావు. నేనే... నోరు మూసుకుని పని చూసుకోమన్నాను."

మేస్త్రీ స్ట్రిక్లర్! ఇన్నేళ్ళూ చీకట్లో రాళ్ళు తడుతున్నది ఈ పెద్దమనిషా!

రోస్కో ఒకడుగు వెనక్కి వేశాడు. వెర్డీకి మాత్రం ఒళ్ళు మండిపోయింది. బల్లల మీద టక్ టక్‌మన్న పిల్లలంతా ఒక్కసారి గుర్తొచ్చారు.

"మాకెందుకయ్యా చెబుతావ్?" అని అరిచింది. "ఇక్కడ కూర్చుని ఏడిస్తే మా తాత మీద పడ్డ మాట పోతుందా? పో! పోయి ఊళ్ళో చెప్పు!"

అతను తల దించుకున్నాడు. తర్వాత అక్కడ ఎవరూ లేరు.

పొద్దున రోస్కో చెప్పాడు. షెడ్డు చూసుకునే సూపరింటెండెంట్ లిండ్‌క్విస్ట్ గారు ఎగిరెగిరి పడ్డారు. "నువ్వే కొట్టుంటావ్!" అన్నారు. తీరా రాయిని దింపి చూస్తే చీలిక లోపలంతా కాలవ బురద, ఎండి గట్టిపడిపోయి ఉంది. అది నిన్న మొన్నటి చీలిక కాదు. రాయి తిప్పలేదు, పిల్లలు క్షేమంగా ఇళ్ళకెళ్ళారు. అయినా సగం ఊరు గేన్స్ వాళ్ళే ఏదో చేశారని గొణుగుతూనే ఉంది.

ఆ రోజు నుంచి షెడ్డులో చప్పుడు లేదు. ఎంతసేపు నిలబడి విన్నా ఏమీ వినబడదు.

చప్పుడు ఊళ్ళోకొచ్చింది.

మొదట లిండ్‌క్విస్ట్ గారి తలుపు. తర్వాత లాంతరు పట్టుకుని కథ చెప్పే ఆవిడది. ఆ తర్వాత వరసగా, ఇల్లిల్లూ. టక్... టక్... తలుపు తీస్తే వాకిట్లో ఎవరూ ఉండరు. మంచులోంచి ఒక ముసలి గొంతు మాత్రం, బతిమాలుతున్నట్టు — "హైరమ్ చెప్పాడు. నేనే వినలేదు..."

నిన్న రాత్రి మా పక్కింటి తలుపు తట్టాడు. ఇవాళ మా ఇంట్లో ఎవరం పడుకోలేదు.