గడువు తీరిన ప్లగిన్

తూటా ముసలి టెక్నీషియన్ గొంతు చీల్చుకుని గోడలో దిగింది. అతని లాకర్‌లోని సీడీ మాయమైంది.

"ఒక్క సీడీ కోసం ప్రాణం తీశారా సార్?" ఏజెంట్ డేగ అడిగాడు.

"గ్యాస్ ప్లాంట్ వాల్వులన్నీ ఓ పాత బ్రౌజర్ ప్లగిన్ మీదే నడుస్తాయి. తయారుచేసినవాళ్లే దాన్ని ఎప్పుడో ఆపేశారు. కంట్రోల్ కంప్యూటర్లో ఉన్నదాన్ని శత్రు ముఠా చెరిపేసింది. నెట్‌లో దొరికేవన్నీ వాళ్లు వైరస్ కలిపి పెట్టినవే. మిగిలిన అసలు కాపీ ఆ సీడీ ఒక్కటే," అన్నాడు చీఫ్. "ప్రెషర్ పెరిగిపోతోంది. ట్యాంకు పేలితే కింది కాలనీ మొత్తం బూడిదే."

"కంట్రోల్ రూమ్‌లో మా అక్క ఉంది సార్."

"తెలుసు. బయల్దేరు."

ముఠాలో చీఫ్ పెట్టిన మనిషి పేరు సంపెంగ. ముఠా స్థావరమైన పాత గ్యారేజీలో డేగ కోడ్ వర్డ్ చెప్పేలోపే కాపలావాడు అతని మీద కత్తి దూశాడు. సంపెంగ వాడి కణతలో కాల్చింది. రక్తం డేగ చొక్కా మీద చిమ్మింది.

"ఇదిగో, నీ సీడీ," అంటూ నవ్వింది. ఆ నవ్వుకి పడిపోనివాడు మనిషే కాడు. డేగ మనిషే.

కంట్రోల్ రూమ్‌లో అలారం చెవులు బద్దలు కొడుతోంది. అక్క తమ్ముడి వంక చూడనైనా లేదు.

"ముందు ఆ పాత లాప్‌టాప్‌లో వేసి చూద్దాం. నెట్ వైరు పీకెయ్‌రా. మెయిన్ మెషీన్‌లో గుడ్డిగా పెడితే కొంపలంటుకుంటాయి."

"టైమ్ లేదండీ!" డేగ వెంట వచ్చిన సంపెంగ తొందరపెట్టింది.

ప్లగిన్ చకచకా తెరుచుకుంది. డేగ ఊపిరి పీల్చుకున్నాడు. అక్క మొహం పాలిపోయింది.

"ఇది దొంగదిరా! అసలుదానికి గడువు తీరిపోయింది. కంప్యూటర్ గడియారం పాత తేదీకి తిప్పితేగానీ లేవదు. రోజూ మేం పడే తిప్పలే అవి. ఎవరో మనమీద జాలిపడి ఆ గడువు తీసేశారు!"

సంపెంగ చేతిలోని లిప్‌స్టిక్ తుపాకీలా పేలింది. తూటా అక్క భుజంలో దిగింది. డేగకు ఒళ్లు మండిపోయింది. కుర్చీ ఎత్తి సంపెంగ మణికట్టు విరగ్గొట్టాడు. ఆమె రెండో చేత్తో బూటులోంచి కత్తి లాగి అతని తొడలో పొడిచింది. అదే కత్తి పెరికి ఆమె గుండెల్లో దించాడు.

రెండు పక్షాలకూ పనిచేసే మనిషి అసలు సరుకు పారేసుకోదు. డేగ ఆమె కోటు లైనింగ్ చించితే ముసలాయన చేతిరాత ఉన్న సీడీ దొరికింది. లాప్‌టాప్‌లో పెట్టాడు. గడువు తీరిందంటూ మొరాయించింది.

"అదీ మన బంగారం!" అక్క ఏడుస్తూనే నవ్వింది. ఒంటిచేత్తో మెయిన్ మెషీన్ తేదీ వెనక్కి తిప్పి సీడీ వేసింది. ప్రెషర్ ముల్లు ఎర్ర గీత చివర వణుకుతుండగా వాల్వు తెరుచుకుంది.

ఫోన్ మోగింది. "సంపెంగ ఏమైంది?" చీఫ్ అడిగాడు.

"గడువు తీరింది సార్. ఈవిడ మాత్రం గడియారం తిప్పినా లేవదు."