గోడ ఆరినాక రండి

మా మదనపల్లెలో నీళ్ళ ట్యాంకరు వచ్చిందంటే బిందెలు బిందెలతో పోట్లాడుకుంటాయి. అలాంటి ఊళ్ళో ఒక ఇంటికి వరద తెప్పించిన మొనగాణ్ణి నేనే. పేరు జోయెల్. చదివింది సివిల్ ఇంజనీరింగ్. ఈ రెండో ముక్క మాత్రం ఎవరికీ చెప్పొద్దని మా అమ్మ బతిమాలుతూ ఉంటుంది. కథకు అవసరం కాబట్టి చెబుతున్నాను.

హార్స్లీ హిల్స్ రోడ్డులో మాకు కాస్త మిట్ట జాగా ఉంది. కొండకు వచ్చే టూరిస్టులను నమ్ముకుని అందులో రెండు గదుల హోమ్‌స్టే కట్టాను, పక్కన స్విమ్మింగ్ పూల్ తవ్వించాను. డిజైను నాదే. టూరిస్టులు రాలేదు కానీ పూల్‌కి వేరే గిరాకీ తగిలింది. చుట్టుపక్కల చెరువులన్నీ ఎండిపోవడంతో మా చర్చి సంఘం వాళ్ళు బాప్తిస్మాలు అక్కడే ఇప్పించడం మొదలుపెట్టారు. ఇంతవరకూ నా పూల్‌లో ఈత కొట్టినవాళ్ళు లేరు, మునిగి లేచినవాళ్ళే ఉన్నారు.

ఆ ఆదివారం సాయంత్రం కూడా బాప్తిస్మాలున్నాయి. పూల్ నింపాలి. మా వైపు త్రీఫేజ్ కరెంటు ఎప్పుడొస్తుందో కరెంటుకే తెలియదు. అందుకని రైతులందరూ చేసే పనే నేనూ చేశాను. బోరు మోటారును ఆటో స్టార్టర్‌లో పెట్టాను. కరెంటు వస్తే మోటారు దానంతటదే తిరుగుతుంది, పోతే ఆగుతుంది. పూల్ నిండితే ఆగడమనే విద్య దానికి రాదు. ఆ సంగతి తెలిసీ, త్వరగా వచ్చేద్దాంలే అనుకుని చర్చికి వెళ్ళాను.

చర్చిలో ఆరోజు వాన కోసం ప్రత్యేక ప్రార్థన. అందరం మోకాళ్ళ మీద ఉన్నాం. మా ఎండిన నేలను తడపమని నేను అందరికంటే గట్టిగా అడిగాను. ప్రార్థన పొడుగైంది.

తిరిగొచ్చి చూస్తే పూల్ అంచులు దాటిన నీళ్ళు వాలుమీదుగా జారి, కిందింటి తలుపు కింద నుంచి లోపలికి దూరుతున్నాయి. అది అబ్రహాము గారిల్లు. మిషన్ ఆస్పత్రిలో అంబులెన్స్ నడిపి రిటైరై, కొత్తగా ఇల్లు కట్టుకుని వచ్చారు. భార్య లేరు. కూతురు మెర్సీ పుంగనూరులో ఒక స్కూల్లో సైన్స్ టీచరు. పొద్దున బస్సు కోసం రోడ్డుమీద నిలబడినప్పుడు దూరం నుంచి చూడడమే తప్ప ఆమెను ఎప్పుడూ పలకరించలేదు. మంచి సందర్భం దొరకాలని ఎదురుచూస్తున్నాను. దొరికింది.

పరిగెత్తుకెళ్ళి గడప దగ్గర మర్యాదగా చెప్పులు విప్పుతున్నాను. లోపల చీలమండల దాకా నీళ్ళు. మెర్సీ చుడీదారు కాళ్ళు పైకి మడిచి, పొరకతో నీళ్ళు బయటికి తోస్తోంది.

"చెప్పులిప్పి వస్తాండావే, మా యిల్లు తడుస్తాదనా?" అంది.

అప్పటికే నా చెప్పు ఒకటి తేలుకుంటూ వాకిట్లోకి వెళ్ళిపోయింది.

"సారీ మేడమ్, నీళ్ళు మా పూల్‌వి."

"తెలస్తానే ఉండాది, బ్లీచింగు వాసన. మోటారు ఆపినావా?"

ఆపలేదు. క్షమాపణ చెప్పాలన్న తొందరలో మోటారు సంగతే మరిచిపోయాను. మళ్ళీ మిట్టెక్కి ఆపి, రొప్పుతూ తిరిగొచ్చాను. ఆమె నన్ను చూసిన చూపులో కోపం కంటే జాలి ఎక్కువగా ఉంది. నాకు కోపమే నయం.

హాల్లో మంచంమీద కాళ్ళు ముడుచుకుని కూర్చున్నారు అబ్రహాము గారు. మోకాళ్ళ నొప్పులు. ఒళ్ళో బైబిలు.

"వందనాలంకుల్," అన్నాను.

"వందనాలప్పా. వాన కోసరం నెలగా ప్రార్థన చేస్తాండా. తలుపు కింద నీళ్ళు సూసి, దేవుడు యినినాడే అనుకుంటి. కిటికీలోంచి సూస్తే మబ్బుతునక లేదు. ఇంటికే బాప్తిస్మం ఇచ్చేసినావు గదప్పా."

తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియలేదు.

"తలకాయ తర్వాత దించుకుందువులే," అంది మెర్సీ. "కరెంటు మెయిన్ ఆపేసినా. ఆ పరుపు పట్టు."

తడిసిన పరుపు ఎంత బరువుంటుందో ఏ ఇంజనీరింగ్ కాలేజీలోనూ చెప్పరు. దాన్ని మిద్దెమీదికి ఎక్కించేటప్పుడు రెండుసార్లు కిందపడ్డాను. రెండోసారి పరుపు నా మీద పడింది. తర్వాత బియ్యం మూట విప్పి బియ్యం ఆరబోశాం, బీరువా కింద ఇటుకలు పెట్టి ఎత్తాం, బురద కడిగి ఫినాయిల్ వేసి తుడిచాం. సోఫా మాత్రం దక్కలేదు. సాయంత్రం బాప్తిస్మాలకు వచ్చినవాళ్ళు, పూల్ ఎప్పుడూ ఇంత నిండుగా లేదని నన్ను మెచ్చుకున్నారు.

ఇల్లు తేరుకుంది కానీ హాలు గోడ మిగిలిపోయింది. మోకాలి ఎత్తు దాకా చెమ్మ పట్టి, కొత్త రంగు పొక్కులు పొక్కులుగా లేచింది. నేను ఆ పొక్కులు గీకుతూ ఉండగా అబ్రహాము గారికి ఫోనొచ్చింది.

"శనివారం వద్దులేప్పా. ఇంట్లోకి నీళ్ళు వచ్చినాయి. గోడంతా పాసిపోయి ఉండాది, ఇట్లాంటింట్లో మిమ్మల్ని కూసోబెట్టి కాఫీ యెట్ల ఇచ్చేది. గోడ ఆరినాక రండి."

"ఎవరంకుల్?" అన్నాను, అడక్కూడదని తెలిసినా.

"కుప్పం వాళ్ళు. దిలీప్ అని పిల్లోడు, మందుల షాపు ఉండాది. మెర్సీని సూసేదానికి వస్తామన్నారు."

గీకుతున్న చెయ్యి ఆగిపోయింది. గోడ ఆరితే కుప్పం నుంచి పెళ్ళికొడుకు వస్తాడు. ఆ గోడను తడిపింది నేను. ఆరబెట్టాల్సిందీ నేనే. మెర్సీ నా వైపే చూస్తోంది. నేను వెంటనే ధైర్యంగా ఏమన్నానో తెలుసా?

"మీరేం దిగులు పడకండంకుల్. నేను ఆరబెడతాను."

మెర్సీ లేచి వంటింట్లోకి వెళ్ళిపోయింది.

ఇచ్చిన మాట కాబట్టి షామియానా షాపు నుంచి పెళ్ళిళ్ళకు పెట్టే పెద్ద ఫ్యాను తెచ్చి గోడకు ఎదురుగా నిలబెట్టాను. అది తిరుగుతుంటే అబ్రహాము గారి బైబిల్లో మొదట ఉండే ఆదికాండం తెరిస్తే చిట్టచివరి ప్రకటన గ్రంథం వచ్చేది. రోజూ మెర్సీ పుంగనూరు బస్సు దిగే వేళకు నేను గోడను పరీక్షించడానికి దిగేవాణ్ణి. అంతకంటే ముందు వెళ్ళి కూడా పరీక్షించవచ్చు. వెళ్ళేవాణ్ణి కాదు.

విచిత్రమేమిటంటే గోడ ఆరలేదు. చెమ్మ అంచున పెన్సిలుతో గీత గీశాను. మరుసటి రోజు చూస్తే చెమ్మ గీత దాటి పైకి ఎక్కింది.

"ఏమంటాది మీ గోడ?" అంది మెర్సీ, కాఫీ గ్లాసు చేతికిస్తూ.

"దీన్ని కేపిలరీ అంటారు మేడమ్. ఇటుకలో సన్నటి రంధ్రాలు ఉంటాయి. పునాదిలో నిలిచిన నీళ్ళు వాటిగుండా పైకి పాకుతాయి. లాంతరు వత్తిలో కిరసనాయిలు పాకినట్టు."

"ఓహో. కిందికి పోవాల్సిన నీళ్ళు పైకెట్ల పోతాయప్పా?"

ఆమె సైన్స్ టీచరన్న సంగతి నాకు గుర్తుంటే కదా. కాఫీ చల్లారిపోయేదాకా బొమ్మలు గీసి మరీ చెప్పాను. ఆమె చెంపకు చెయ్యి ఆనించి, ఏమీ తెలియనట్టు విన్నది. మరుసటి రోజు మళ్ళీ అడిగింది. మళ్ళీ చెప్పాను. నాలాంటి మేధావి మదనపల్లె మండలంలో లేడనే అనుకున్నాను ఆ వారమంతా.

మిట్టెక్కి ఇంటికి పోయాక మాత్రం మేధావితనం దిగిపోయేది. ఫ్యాను నేనే పెట్టి, గోడ ఆరకూడదని నేనే దేవుణ్ణి అడిగేవాణ్ణి. మెర్సీ అంటే నాకు ప్రాణమైపోయింది. చెబుదామంటే నోరు లేవదు. ఇల్లు ముంచినవాడు పిల్లనెలా అడుగుతాడు?

చివరికి కుప్పం వాళ్ళకే ఓపిక పోయింది. "మేం సూసేది పిల్లనప్పా, గోడను కాదు," అని ఆ తర్వాతి శనివారానికి బయల్దేరారు. అబ్రహాము గారు నన్ను పిలిచి, "సోఫా యెట్లా లేదు, మీ యింట్లో ఉండే కుర్చీలు తెచ్చి పెట్టప్పా," అన్నారు. నా కుర్చీల్లో కూర్చుని వాళ్ళు మెర్సీని చూస్తారన్నమాట. కుర్చీలు కడిగి, తుడిచి మరీ మోశాను. అంత బుద్ధిమంతుణ్ణి.

వాళ్ళు దారి పొడుగునా ఫోన్లు చేస్తూనే ఉన్నారు. పలమనేరు దాటారు. గంగవరం దాటారు. పుంగనూరులో కాఫీకి ఆగారు. అబ్రహాము గారు అరుగుమీద ఫోను చెవిన పెట్టుకుని కూర్చుంటే, నేను రెండు చేతుల్లో రెండు కుర్చీలతో పెరటి తలుపులోంచి హాల్లోకి వచ్చాను.

మెర్సీ పట్టుచీర కట్టుకుని, మల్లెపూలు పెట్టుకుని, గోడ ముందు నిలబడి ఉంది. చేతిలో ఇత్తడి చెంబు. నేను చూస్తుండగానే చెంబెడు నీళ్ళు గోడమీద కొట్టింది.

"ఏం చేస్తున్నారు మేడమ్?"

ఉలిక్కిపడి తిరిగింది. తర్వాత చెంబు దాచకుండానే, నిమ్మళంగా చెప్పింది.

"కేపిలరీ."

నేను కుర్చీలు పట్టుకుని అలాగే నిలబడిపోయాను.

"రోజూనా?"

"రోజూ. బస్సుకు పోయే ముందర. నువ్వు సాయంత్రం వచ్చి రంధ్రాలు, వత్తి, కిరసనాయిలు అని పాఠం చెప్తాంటివి. నేను పిల్లోళ్ళకు ఏటా చెప్పే పాఠం అది."

"ఎందుకు?" అన్నాను.

"యాలనా? ఇంగా ఫ్యాను తెచ్చి పెట్టు. ఊళ్ళో ఇంగేమన్నా పెద్ద ఫ్యాను ఉండాదేమో సూడు." ఆమె కళ్ళలో నీళ్ళు తిరిగాయి. "గోడ ఆరితే వాళ్ళు వస్తారని తెలిసి గూడా ఆరబెడతాంటివి గదా నువ్వు."

"ఆరకూడదని ప్రార్థన కూడా చేస్తాండా మెర్సీ."

"ఫ్యాను వేసుకునా?"

"ఆ."

"అట్లయితే ఏది యినాలప్పా దేవుడు?" అంటూ నవ్వేసింది. వెంటనే నవ్వు ఆపింది. "నాయనతో చెప్పు. వాళ్ళు పుంగనూరు దాటేలోపల."

"నేనా?"

"మోటారు ఆపకుండా సారీ చెప్పేదానికి వచ్చిన మనిషివి. ఈసారన్నా ముందు చేయాల్సింది ముందు చెయ్యి."

అరుగుమీదికి వెళ్ళాను.

"అంకుల్, మీతో ఒక మాట."

"కుర్చీలు దించి చెప్పప్పా."

దించాను. "మెర్సీ అంటే నాకిష్టం. పెళ్ళి చేసుకుంటాను. కుప్పం వాళ్ళను రావద్దనండి."

"చర్చికి పోతా మోటారును మరిచిపోయినోడివి," అన్నారాయన. "రేపు నా బిడ్డను యాడన్నా మరిచిపోతే?"

ఉన్నమాట చెప్పాను. "మరిచిపోనని ప్రమాణం చేస్తే మీరు నమ్మరంకుల్. నన్ను నేనే నమ్మను. కానీ ఆ ఆదివారం నుంచి నాకు మీ ఇల్లు తప్ప ఇంకోటి జ్ఞాపకం రావడం లేదు. మా అమ్మ పేరు పెట్టి పిలిచినా, గోడ ఆరలేదమ్మా అంటున్నాను."

వెనక మెర్సీ వచ్చి నిలబడింది. "నాకూ ఇష్టమే నాయనా. గోడ ఆరకుండా చేసింది నేనే."

"తెలుసులేమ్మా. హాల్లో పండుకునేది నేను గదా. రోజూ పొద్దన్నే తలకాడ నీళ్ళు సల్లుతాంటే నిద్ర యెట్ల పడతాది?"

"మరి యాల చెప్పలేదు?"

"నోరు తెరిచి నువ్వు చెప్తావేమోనని కాసుకోని ఉంటి. ఈయప్ప కనిపెడతాడేమోనని గూడా ఉంటి, ఇంజనీరు గదా." ఆయన ఫోను తీసి నంబరు నొక్కారు. "అప్పా, యాడుండారు? ఇంగా పుంగనూరేనా? మా బిడ్డ మనసులో వేరే పిల్లోడు ఉండాడప్పా. నేను ముందే అడగాల్సింది, తప్పు నాది. మన్నించండి."

అవతల దిలీప్ ఫోను అందుకుని, పరవాలేదంకుల్, ఇంటికొచ్చినాక చెప్పకుండా ముందే చెప్పినారు, అన్నాడట. మంచివాడు. నాకంటే తెలివైనవాడు కూడా అయి ఉంటాడు, ఆ విషయంలో పోటీ తక్కువ.

అబ్రహాము గారు ఫోను జేబులో పెట్టుకుని, నా ముందు చెయ్యి చాచారు.

"ఫ్యూజులు."

"ఏం ఫ్యూజులంకుల్?"

"మోటారువి. అన్నీ పీక్కోని రా. పెండ్లి అయ్యేదాకా నా దగ్గరే ఉంటాయి."

"మరి బాప్తిస్మాలకు పూల్ నింపాలంటే?"

"అడిగితే ఇస్తా. నిండేదాకా గట్టున కూసోవాల."

"కాపలాకు నేనూ కూసుంటా నాయనా," అంది మెర్సీ, ఎటో చూస్తూ.

పూల్‌ను ఇంకాస్త లోతుగా తవ్వించి ఉండాల్సిందని అప్పుడనిపించింది.

ఒక్క ఉరుకులో మిట్టెక్కి, ఫ్యూజులు పీకి తెచ్చి ఆయన చేతిలో పెట్టాను. ఆయన వాటిని కర్చీఫులో మూటగట్టి చొక్కా జేబులో వేసుకున్నారు. ముగ్గురం నేను మోసుకొచ్చిన కుర్చీల్లో కూర్చున్నాం. కుప్పం వాళ్ళ కోసం చేసిన కేసరి మెర్సీ నాకు పెట్టింది.

సగం తిన్నానో లేదో, అరుగు అంచున టప్పుమని ఒక చుక్క పడింది. ఇంకోటి. తర్వాత మట్టివాసన లేచింది, వాన దబదబా దిగింది. మెర్సీ చెయ్యి చాచి తడుపుకుంది. వాలుమీద నుంచి నీళ్ళు ఈ ఇంటివైపే పారుతూ వస్తున్నాయి.

అబ్రహాము గారు నా వైపు తిరిగారు.

"నేను కాదంకుల్," అన్నాను.

ఆయన ఆకాశం వైపు చూశారు. తర్వాత, ఎందుకైనా మంచిదని, జేబులో ఫ్యూజులున్నాయో లేదో తడిమి చూసుకున్నారు.